బొమ్మలగుట్ట శాసనము - మధ్యయుగ జీవనము

మధ్యయుగమును నేటివారికి చూపదలచిన నాటకకర్తలు, చలనచిత్ర రచయితలు రాజు కనబడినంతనే దీర్ఘసమాసములను ఎత్తుకొందురు. ఆనాటి తెలుగు అట్లుండెనా? ఈ ప్రశ్నకు కరీంనగరం జిల్లాలో ఒక కొండయే సమాధానము చెప్పుచున్నది.

గంగాధర మండలమున కురిక్యాల చెంత బొమ్మలగుట్ట కలదు. శాసనమునందు దీని పేరు వృషభగిరి. చక్రేశ్వరీ ప్రతిమను, జినమూర్తులను తొలిపించి, క్రింద సంస్కృత, కన్నడ, తెలుగు భాషలలో శాసనము వ్రాయించినవాడు జినవల్లభుడు. ఇతడు కన్నడ ఆదికవి పంపని తమ్ముడు. వీరి పూర్వులది కమ్మనాటి వంగిపర్రు. కాలము క్రీ.శ. 945 ప్రాంతము. వేములవాడ చాళుక్యరాజు రెండవ అరికేసరి పంపనికి ధర్మవురమును అగ్రహారముగ నిచ్చిన వార్తయు ఇందు కలదు.

చివరనున్న మూడు తెలుగు కందములు నన్నయకు సుమారు నూఱేండ్లు ముందటివి. 2008లో తెలుగునకు ప్రాచీనభాషా హోదా లభించినది. అట్టి చర్చలలో ఈ పద్యములను తేదీకొఱకే తడవుట పరిపాటి. భావమును చూచువారు తక్కువ. గుడులెత్తించుట, పూజలు సేయుట, మునులకు అన్నము పెట్టుట - వీనిలో జినవల్లభునకు సాటి ఎవ్వరనునదే అందలి మాట. పదములు చిన్నవి. పలుచోట్ల నేటి విద్యార్థికి నిఘంటువు అక్కఱలేదు. నాలుగు మాత్రల గణములతో నడచు కందమును గొంతెత్తి చదివిన చాలును, వేయేండ్ల నాటి ఊనిక చెవికి తాకును. తరగతిలో మనము లిపివిశేషములు చెప్పి ముగించుచున్నాము. పద్యమును చదివి వినిపించుట అరుదు.

జీవనచిత్రమునకు కన్నడభాగమును చూడవలెను. జినవల్లభుడు త్రిభువనతిలకమను బసదిని, కవితాగుణార్ణవమను చెఱువును, మదనవిలాసమను తోటను ఏర్పఱచెను. కవితాగుణార్ణవుడనునది పంపని బిరుదము. అన్నగారి కీర్తిని తమ్ముడు కావ్యమున కాక చెఱువునందు నిలిపినాడు! నీటి విలువ నెఱిగిన సీమకు ఇంతకంటె తగిన స్మారకమేమున్నది? గుడి, చెఱువు, తోట, రాజు నుండి కవికి దక్కిన ఊరు - ఇంత సామగ్రి ఒక్క బండపై నుండగా పాత్రలకు కిరీటములు తొడుగవలసిన పనిలేదు.

మూడు భాషలేల? సంస్కృతము పండితులకు, కన్నడము ఆస్థానమునకు, తెలుగు ఆ నేలవారికి అని నా ఊహ. సురవరం ప్రతాపరెడ్డిగారు ‘ఆంధ్రుల సాంఘిక చరిత్ర’ (1949)లో కావ్యముల నుండి జనజీవనమును పిండిరి. తెలుగు కావ్యములు లభింపని పదవ శతాబ్దికి ఆ పని శాసనముల నుండియే జరుగవలెను.

జిల్లాలో గ్రానైటు క్వారీలు విస్తరించినవి. శాసనపాఠము అచ్చులో మిగులును. పైనున్న ప్రతిమలకును క్రిందనున్న పద్యములకును గల పొత్తు మాత్రము ఆ బండ మీదనే కలదు.