ముప్పై రోజుల తర్వాత

ఫ్యాను తిరుగుతూనే ఉంది, గాలి మాత్రం వేడిగానే వస్తోంది. మే నెలలో పొద్దున పదకొండుకే అనంతపురం ఇట్లా ఉంటుంది. మీరున్నది ఒక ఆసుపత్రి రికార్డు రూములో. నేల నుంచి కప్పు దాకా ఇనుప ర్యాకులు, వాటినిండా తాళ్లతో కట్టిన కేస్ షీట్లు. కిటికీ పక్క బల్ల దగ్గర ఇద్దరున్నారు. ఒకామె ఏళ్ల తరబడి ఇక్కడే కోడరు, కేస్ షీట్లోని జబ్బుకూ గాయానికీ పుస్తకంలోని కోడు వేసే పని. రెండో అమ్మాయి కొత్తగా చేరింది. హైదరాబాదు అమీర్‌పేటలో కోడింగు కోర్సు చేసి వచ్చింది. స్టూలు లాక్కుని కూర్చోండి.

అమ్మాయి ఒక కేస్ షీటు తెరుస్తుంది. నలభై దాటిన చెనిక్కాయ రైతు. కుడికాలు ఎడమకాలి కంటే పొట్టి, నడుస్తుంటే నడుము లాగేస్తోందట. ఎం21.7 అని కొడుతుంది. పుట్టుకతో కాకుండా తర్వాత వచ్చిన కాళ్ల పొడవు తేడాకు కోడు అది. కేస్ షీటు మూయబోతుంటే పెద్దామె చెయ్యి అడ్డం పెడుతుంది.

"ఆగు పాపా. కాలు ఊరికే పొట్టి అవుతాదా? రెండో పేజీ చదువు."

రెండో పేజీ అడుగున, మీరు వంగి చూస్తే తప్ప కనపడనంత చిన్నగా రాసి ఉంది: మూడేళ్ల కిందట ఆర్‌టీఏ (రోడ్డు ప్రమాదం), బైకును లారీ గుద్దింది, తొడ ఎముక విరిగింది, రాడ్ వేశారు.

"అయితే వీ24 కదక్కా? బైకు మీద పోయే మనిషిని లారీగానీ బస్సుగానీ గుద్దితే అదే."

"అది గుద్దిన పొద్దుటి కోడు. ఇప్పుడు ఈయన తెచ్చుకున్నది దాని మిగులు."

ఆమె చెబుతుంటే అమ్మాయి వరసగా కొడుతుంది. ముందు ఇవాళ ఉన్న బాధ, ఎం21.7. తర్వాత అది ఏ గాయం మిగిల్చింది, టీ93.1, తొడ ఎముక విరుపు తాలూకు ఫలితం. చివర దానికి కారణం, వై85.0, మోటారు వాహన ప్రమాదపు ఫలితం. 1990లో ప్రపంచ ఆరోగ్య సభ ఆమోదించిన జబ్బుల కోడ్ల పుస్తకం ఐసీడీ-10లో ఈ వై85 ఒక చిన్న గది. పాత ప్రమాదం వల్లే అని డాక్టరు రాసినవీ, ప్రమాదమైన ఏడాదికో ఆ తర్వాతో బయటపడినవీ ఇందులోకి వస్తాయి. రైలు ప్రమాదమైతే వై85.9. 2012 మే 22న పెనుకొండ స్టేషన్లో ఆగి ఉన్న గూడ్సును హంపి ఎక్స్‌ప్రెస్ ఢీకొన్నది గుర్తుంది కదా, ఆనాడు వెన్ను దెబ్బతిన్న ప్రయాణికుడు ఎవరైనా ఇవాళ పడక పుండ్లతో చేరితే ఆ కోడే.

"అమెరికా కేసులకు ఇట్లా కాదక్కా," అంటుంది అమ్మాయి. "అదే వీ24కు చివర ఎస్ పెడతాం. బైకూ లారీ రెండూ తెలిసిపోతాయి." నిజమే. 2015 అక్టోబరు 1 నుంచి అమెరికాలో వాడే ఐసీడీ-10-సీఎం పద్ధతి అది. ఈ ఒక్క విషయంలో వాళ్లదే మేలు అని నాకనిపిస్తుంది, మన వై85.0లో బైకు, లారీ రెండూ కలిసి మాయమైపోతాయి. అమెరికా కేసులు కోడు చేసే మన పిల్లలు హైదరాబాదులో కూర్చుని ఎక్కడో అమెరికా రోడ్డు మీద విరిగిన కాలికి మరవకుండా ఎస్ తగిలిస్తారు. 44వ నంబరు జాతీయ రహదారి మీద, గుత్తి నుంచి కొడికొండ దాకా విరిగిన కాళ్లకూ అంత శ్రద్ధ దక్కాలి.

ఈ కోడు వల్ల ఆ రైతుకు పింఛను రాదు. దానికి వైకల్యం తేల్చే సదరం క్యాంపులో 40 శాతం వైకల్యం తేలాలి. మరి ఎందుకీ తంటా అంటారా? ప్రమాదమైన ముప్పై రోజుల్లోపు పోయినవాళ్లే పోలీసు లెక్కలో మృతులు. 2022లో దేశం మొత్తం మీద 1,68,491 మంది. గాయపడినవాళ్లు 4,43,366 మంది. ఆ నాలుగు లక్షల పైచిలుకు మంది మూడేళ్లకు ఎట్లా నడుస్తున్నారో చెప్పడం ఆ పోలీసు లెక్క పని కాదు. అది చెప్పగలిగింది ఆసుపత్రి రికార్డే. అక్కడ ఎం21.7 ఒక్కటే ఉంటే ఎముకల జబ్బుల్లో ఒకటి పెరుగుతుంది, రోడ్డుకు ఏ మచ్చా అంటదు.

తర్వాతి కేస్ షీటు కళ్యాణదుర్గం వైపు నుంచి వచ్చిన ఒక కూలీ మనిషిది. ఫిట్స్, ఆరు నెలలుగా. అంతే రాసి ఉంది. పెద్దామె లేస్తుంది. మీరూ రండి, వార్డు పైన.

మంచం పక్కన రోగి అత్త కూర్చుని ఉంది. "ముందు నుంచీ ఉన్నాయామ్మా?"

"యాడివమ్మా! రాయి మాదిరి ఉండె. ఆటో బోల్తా పడినాకనే ఇదంతా. రెండేండ్లాయ. ఆ పొద్దు రెండు దినాలు తెలివి లేదు."

"డాక్టరుకు చెప్పినావా?"

"ఎవురూ అడగల్యా."

ఇక్కడ వానలు ముఖం చాటేస్తే బోరు నీళ్లున్న తోటల్ని వెతుక్కుంటూ కూలీలు ఆటోల్లో కిక్కిరిసి పోతారు. 2024 నవంబరు 23న గార్లదిన్నె మండలం తలగాసిపల్లి దగ్గర అట్లాంటి ఆటోనే ఆర్టీసీ బస్సు ఢీకొని వ్యవసాయ కూలీలు చనిపోయారు. చావులు మరుసటి రోజు పేపర్లో వస్తాయి. బతికి బయటపడినవాళ్ల తల లోపలి గాయం ఎన్నో నెలలకు ఫిట్స్‌గా బయటపడితే, దాన్ని ఆ రోజుతో కలిపేవాళ్లు ఎవరో ఒకరు ఉండాలి.

అత్త చెప్పిందని కోడరు వేసేయడానికి లేదు. డాక్టరు రాయాలి. కిందికొచ్చి అమ్మాయి చీటీ రాస్తుంది: ఫిట్స్ ప్రమాదం వల్లే వచ్చాయని రాయగలరు. పెద్దామె ఆ చీటీ చించేస్తుంది. "జవాబు మనం చెప్పగూడదు పాపా. అడగాల, అంతే." మళ్లీ రాయిస్తుంది: రోగికి గతంలో తలకు గాయమైందా? అయితే ఇప్పటి ఫిట్స్‌కూ దానికీ సంబంధముందా, లేదా, చెప్పలేమా?

సాయంత్రానికి చీటీ తిరిగొస్తుంది. డాక్టరు పాత సీటీ ఫిల్ములు ఇంటి నుంచి తెప్పించి చూశారు. మెదడుకు ఎడమవైపు ముందు భాగంలో పాత గాయపు మచ్చ ఉంది. తల గాయం తర్వాత వచ్చిన మూర్ఛ అని కేస్ షీట్లో రాసి, తేదీ వేసి, సంతకం పెట్టారు. అమ్మాయి మొదటి కోడు జీ40 వరసలోంచి ఎంచుకుంటుంది. దాని కింద టీ90.5. దాని కింద, ఈసారి ఎవరూ చెప్పకుండానే, వై85.0.