నాగార్జునకొండపై ఒక పూట

మాచర్లకు పడమరగా పదునారు మైళ్ల దూరమున, మూడు వైపుల నల్లమల కొండలును నాలుగవ వైపున కృష్ణయు చుట్టి కాపాడుచుండగా, 1960 దశకము నడిమివరకు ఒక లోయ యుండెను. అందు పొలములుండెను, పుల్లారెడ్డిగూడెమను పల్లె యుండెను. ఆ పొలముల క్రింద, నాగటికఱ్ఱుకు అప్పుడప్పుడు తగులుచు, ఇక్ష్వాకుల రాజధానియైన విజయపురి పడియుండెను. ఇప్పుడా లోయ యంతయు నాగార్జునసాగర జలాశయ గర్భమున నున్నది. పాత కోటగోడలను మోయుచున్న నాగార్జునకొండ శిఖరము మాత్రము నీటిమీద నిలిచి ద్వీపమైనది. ఆ ద్వీపముమీది వస్తుప్రదర్శనశాలను, దాని చుట్టునున్న శిథిల కట్టడములను, వాటినావరించిన కొండలను, నీటిని ఒక పూటలో కాలినడకన చూచివచ్చుట నేడు యాత్రికులకు వాడుకయైనది. ఈ నడక చరిత్ర యేమో, దానిని ఏ కంటితో చూచిన అది మనకు పూర్తిగా దక్కునో చెప్పుటయే నా ఉద్దేశము.

యాత్ర విజయపురి దక్షిణపు రేవునుండి మొదలగును. లాంచీ రేవు విడిచిన కొంతసేపటికి ఆనకట్ట వెనుకబడి, రెండు ప్రక్కల కొండలు దగ్గరికి జరిగి, నీరు నలుపుదేరిన ఆకుపచ్చ వన్నెకు తిరుగును. లాంచీ నడపువారిలో ఈ సీమవారు పెక్కుమంది కలరు, వారిలో నొక వృద్ధుడు, మాతో నున్న చిన్నపిల్లలు నీటిలోనికి తొంగిచూచుచుండగా, "అయ్యా, మనమిప్పుడు పోతున్నది ఊరి మీదుగానే. మా తాతగారి పొలం ఈ కిందనే ఉండె" అని చెప్పెను. ఏ మార్గదర్శకుడు చెప్పు విశేషములకన్నను ఈ మాట నాకు ముఖ్యముగా తోచినది. కొండమీది శాలలో మనము చూడబోవు శిల్పములు ఈ నీటి క్రింది లోయనుండి పైకి వచ్చినవే. కావున శాలలో నిలిచి శిల్పమును చూచునపుడు కిటికీలోనుండి నీటిని, ఒడ్డున నిలిచి నీటిని చూచునపుడు శాలలోని శిల్పమును తలచుకొనుచు నడువవలెను. రెంటిలో నొకదానిని మఱచినవారికి మిగిలినది సగము మాత్రమే.

ఈ లోయ గర్భమున నగరమున్నదన్న సంగతి లోకమునకు తెలిసి నూఱేండ్లు మాత్రమే అయినది. సూరపరాజు వెంకటరామయ్య అను స్థానిక ఉపాధ్యాయుడు ఇక్కడొక ప్రాచీన స్తంభమును గుర్తించి ప్రభుత్వమునకు తెలియజేయగా, 1926లో మద్రాసు శాసనశాఖలో తెలుగు సహాయకుడుగా నున్న సరస్వతిగారు వచ్చి చూచి, ఈ స్థలము సామాన్యము కాదని నిర్ణయించిరి. ఒక పల్లెటూరి బడిపంతులు కంటికి కనబడిన రాయి లేకున్నచో తక్కినదంతయు లేదు. ఈ విషయమును మన పాఠ్యపుస్తకములు ఇంకను గట్టిగా చెప్పవలసియున్నది. 1927 మొదలు 1931 వరకు లాంగ్‌హర్స్ట్ దొర ఇక్కడ త్రవ్వకములు సాగించెను. దొరకిన ప్రాకృత శాసనములను వోగెల్ పండితుడు పరిష్కరించి ప్రకటించెను. 1938లో టి. ఎన్. రామచంద్రన్ గారు మఱికొంత త్రవ్వించిరి.

ఆ శాసనములు తెలిపిన కథ సంగ్రహముగా ఇది. శాతవాహనుల యేలుబడి ముగిసిన పిమ్మట, క్రీస్తుశకము మూడవ శతాబ్దమున, వాసిష్ఠీపుత్ర చాంతమూలుడు శ్రీపర్వత ప్రాంతమున విజయపురి రాజధానిగా రాజ్యము స్థాపించెను. అతడు కార్తికేయ భక్తుడు. అశ్వమేధ వాజపేయాది క్రతువులను చేసినవాడు. గోవులను, నాగళ్లను లక్షలుగా దానము చేసెనని శాసనములలో కీర్తింపబడినవాడు. అతని తరువాత కుమారుడు వీరపురుషదత్తుడును, మనుమడు ఎహువుల చాంతమూలుడును ఏలిరి. ఇంతవరకు రాజుల చరిత్ర. దీనిని నేను త్వరగా దాటిపోవుదును. ఏలననగా ఈ లోయను లోయగా తీర్చినవారు రాజులకన్న మిన్నగా ఆ యింటి ఆడువారు. చాంతమూలుని తోబుట్టువు చాంతిసిరి, వీరపురుషదత్తుని ఆఱవ రాజ్యసంవత్సరమున, మహాచైత్యమునకు ఆయక స్తంభములను నిలిపెను. వీరపురుషదత్తుని రాణులలో అతని మేనత్త కూతుళ్లును కలరు. ఆ రాణులును వారి తల్లులును బౌద్ధసంఘమునకు మండపములను, విహారములను కట్టించుచుండగా, రాజులు యజ్ఞములు చేయుచుండిరి. ఒకే యింటిలో రెండు ధర్మములు కలహము లేక కలిసి బ్రదుకుటను, మేనరికపు బంధుత్వమును రెంటిని ఎఱిగిన తెలుగువారికి ఈ శాసనములు చదువుచున్నపుడు పరాయి కాలమును చూచుచున్నట్లు తోచదు.

రాజబంధువు కాని బోధిసిరి అను ఉపాసిక చేసిన దానమును గూడ ఇక్కడ చెప్పకపోవుట న్యాయము కాదు. ఆమె తామ్రపర్ణి ద్వీపమునుండి వచ్చిన స్థవిరులకై చైత్యగృహమును కట్టించి, వారు ధర్మము బోధించిన దేశములను శాసనమున వరుసగా చెక్కించెను: కాశ్మీర, గాంధార, చీన, చిలాత, తోసలి, అపరాంత, వంగ, వనవాసి, యవన, ద్రమిళ, పలూర, తామ్రపర్ణి. మూడు వైపుల కొండలు కమ్ముకొన్న ఈ మూలకు లోకమంతయు నడచి వచ్చినదనుటకు ఇంతకన్న సాక్ష్యమేల? త్రవ్వకములలో రోమక చక్రవర్తుల బంగారు నాణెములు గూడ దొరకినవి.

1955 డిసెంబరు 10న జవాహర్లాల్ నెహ్రూ గారు నాగార్జునసాగరమునకు శంకుస్థాపన చేసిరి. మెట్టపైరులమీద, తప్పిపోవు వానలమీద ఆధారపడిన పలనాటికి, నల్లగొండ జిల్లాకు, గుంటూరు మెట్టకు కృష్ణ నీరు రావలెనన్నది దశాబ్దుల కోరిక. ముక్త్యాల రాజాగారు దానికై చేసిన కృషి జగద్విదితము. నీరు కావలెను, కాని నీరు నిలుపుట వలన లోయ మునుగును. నేను ఈ విషయమున ఎంత ఆలోచించినను, నీరు వలదనుటకు నాకు నోరు రాదు. మునిగినది చిన్నదనుటకును నోరు రాదు. అప్పటి పెద్దలు రెండవదానికై చేయగలిగిన ఉపకారము, నీరు నిండులోపల లోయనంతటిని త్రవ్వి చూడుట. 1954 మొదలు 1960 వరకు ఆర్. సుబ్రహ్మణ్యముగారి ఆధిపత్యమున పురావస్తుశాఖవారు ఈ పనిని సాగించిరి. బౌద్ధ విహారములే గాక నదీతీరమున దేవాలయములు, అశ్వమేధమునకు సంబంధించినదని చెప్పబడు మెట్ల కోనేరు, రంగస్థలము, స్నానఘట్టములు, వాటన్నిటికంటె పూర్వపు శిలాయుగపు పనిముట్లు, రాకాసిగూళ్లు బయటపడినవి. ముఖ్యమైన కట్టడములు కొన్నిటిని విప్పి, ఇటుకలను, రాళ్లను మోసికొనిపోయి, కొండమీదను, తూర్పు ఒడ్డున అనుపునందును తిరిగి నిలిపిరి. మఱికొన్నిటికి నమూనాలు కట్టిరి. 1966లో కొండమీది వస్తుప్రదర్శనశాల తెఱవబడినది. 1967 ఆగస్టు 4న కాలువలకు నీరు విడువబడినది. లోయ పోవుటయు, ఈ నడక పుట్టుటయు ఇట్లు ఇంచుమించు ఒకే కాలమున జరిగినవి.

రేవులో దిగి మెట్ల దారిని పైకి పోగా, మధ్యయుగపు కోట యొక్క గోడలు మొదట ఎదురగును. చెట్లనీడలో ఆ దారిని మెల్లగా నడువవలెను. త్వరపడువారు నేరుగా శాలలోనికి పోయి, కన్నులు వెలుతురునుండి చీకటికి అలవాటుపడకమునుపే తొలి శిల్పములను దాటిపోవుదురు. ఇక్కడి శిల్పములన్నియు పలనాటి సున్నపురాతివి. లేత ఆకుపచ్చ ఛాయగల ఈ రాయి ఉలికి సుతారముగా లొంగును, నునుపు తేరును. ఒక పొడుగాటి దూలమువంటి పలక వెంబడి మెల్లగా నడచుచు చూడుడు. బుద్ధుని జీవితములోని ఒక ఘట్టము ముగిసినచోట, ఒక సన్నని గడిలో మిథునమొకటి నిలిచియుండును. ఒకరి భుజముపై ఒకరు చేయివేసి, మనవంక చూడక, తమలో తాము మాటలాడుకొనుచుందురు. ఆ గడి దాటగానే కథ మరల సాగును. నిర్వాణమును బోధించు కథ నడుమ శిల్పి ఇంతటి గృహస్థ ప్రీతిని నిలుపుట చూచి కొందఱు ఆశ్చర్యపడుదురు గాని, దానములు చేసినవారు తల్లులును కోడండ్రునని తెలిసినవారికి అది సహజముగనే తోచును.

రాజప్రాసాద ప్రాంతమున దొరకిన ఒక స్తంభముమీద అర్ధనగ్నుడైన పురుషుడొకడు చేత కొమ్ముపాత్ర ధరించి నిలిచియున్నాడు. యవనుల మద్యదేవత యని పండితులందురు. వేఱొకచోట శకయోధుడు చొక్కాయి తొడిగి బల్లెము పట్టి కాపలా కాయుచున్నాడు. కృష్ణ ఒడ్డున, ఎండకు కాలిన ఈ లోయలో, అంత దళసరి దుస్తులతో ఆ సైనికుడెట్లు నిలిచెనో కదా యని చూచువారికి జాలి కలుగును.

ఛాయాస్తంభములయొద్ద మాత్రము నేను ప్రతిసారి ఆగిపోవుదును. మృతులైనవారి స్మారకముగా నిలిపిన రాళ్లివి. చాంతమూల మహారాజునకు అతని తల్లులు, తోబుట్టువులు, రాణులు కలిసి, కుమారుని ఇరువదవ రాజ్యసంవత్సరమున నిలిపిన స్తంభముమీద, రాజు ఏనుగుపై ఊరేగుటయు, అంతఃపురమున కూర్చుండుటయు గడులు గడులుగా చెక్కబడియున్నవి. రాజునకే గాక, యుద్ధమున పడిన సైనికులకును, ఒక శిల్పకారప్రముఖునకును ఇట్టి స్తంభములున్నవి. ఈ పలనాటిలోనే కారెంపూడి కలదు. అక్కడ పలనాటి వీరులను గుడిలో నిలిపి, కార్తికమాసమున నేటికిని ప్రజలు తిరునాళ్లు సాగించుచున్నారు. ఈ రెంటికిని నడుమ అవిచ్ఛిన్నమైన గొలుసున్నదని నేను ఋజువు చేయజాలను. ఐనను చచ్చినవారిని రాతిలో నిలిపి పేరుపెట్టి పిలుచుట ఈ నేలకు కొత్త కాదని మాత్రము చెప్పగలను.

శాలలో మునిగిన లోయ యొక్క నమూనా యొకటి కలదు. కొండలెక్కడ, నది యెక్కడ, ఏ విహారమెచ్చట నుండెనో అందు చూపిరి. చాలమంది దీనిని చివర చూచి పోవుదురు. మొదటనే చూచి, మనస్సున నిలుపుకొని, పిదప శిల్పముల దగ్గరికి పోవలెనని నా సలహా. అప్పుడు ప్రతి పలకయు "ఎక్కడిది?" అన్న ప్రశ్నకు బదులు చెప్పును.

శాల వెలుపల తిరిగి కట్టిన కట్టడముల వరుస మొదలగును. మహాచైత్యము నూఱడుగులకు మించిన వ్యాసము గలది. పైకి గుండ్రని దిబ్బవలె కనబడినను, లోపల బండిచక్రపు ఆకులవలె ఇటుక గోడలను పన్ని, నడుమ ఖాళీలను మట్టితో నింపిరి. ఇటుక తగ్గును, బలము తగ్గదు. నాలుగు దిక్కుల ఐదేసి ఆయక స్తంభములు. జననము, మహాభినిష్క్రమణము, సంబోధి, ధర్మచక్రప్రవర్తనము, పరినిర్వాణము అను ఐదింటికి అవి గుర్తులని చెప్పుదురు. లాంగ్‌హర్స్ట్ త్రవ్వినపుడు ఈ చైత్యపు గదులలో నొకదానియందు చిన్న యెముక తునక దొరకినది. అది ముప్పాతిక అంగుళపు బంగారు భరిణెలో, ఆ భరిణె వెండి స్తూపాకార పేటికలో, బంగారు పువ్వులు ముత్యములు స్ఫటికములతో గూడ మట్టికుండలో ఉండెను. అంత పెద్ద కట్టడము ఇంత చిన్న వస్తువు కొఱకు!

స్నానఘట్టము కొండ అంచున నిలుపబడినది. ఒకప్పుడు నదిలోనికి దిగిన ఆ మెట్లు, నేడు జలాశయమువంక దిగుచున్నవి. ఇక్కడ కూర్చున్నచో గాలి చల్లగా వీచును. ఎదుట నల్లమల వరుసలు ఒకదాని వెనుక నొకటి నీలమై, పిదప బూడిదవన్నెయై కనబడును. సింహళ విహారమును గూడ చూచుకొని మరల రేవునకు దిగవచ్చును.

తీరిక గలవారు అనుపునకు తప్పక పోవలెను. అక్కడ దీర్ఘచతురస్రాకారపు రంగస్థలము చుట్టును సున్నపురాతి పలకలు పఱచిన మెట్ల వరుసలు లేచియున్నవి. నడుమ నిలిచి మెల్లగా పలికిన మాట పై మెట్టువరకు వినబడును. ప్రతి మార్గదర్శకుడును చప్పట్లు కొట్టి దీనిని చూపును, ప్రతి పిల్లవాడును తానొకసారి కొట్టిగాని దిగడు. దగ్గరలో హారీతి ఆలయమున్నది. మాచర్ల దారిలో చంద్రవంక ఇంచుమించు డెబ్బది అడుగుల ఎత్తునుండి దూకు ఎత్తిపోతల నీటి చప్పుడు, వానల తరువాత చాల దూరమునుండి వినవచ్చును.

ఎండకాలమున ఈ నడక కష్టము. కొండమీద చెట్లున్నను రాయి కాలును. కార్తికము మొదలు మాఘము వరకు అనుకూల కాలము. ఉదయపు తొలి లాంచీకి కొండ చేరి, మధ్యాహ్నమునకు మరలి, సాయంకాలము అనుపులో గడుపుట మంచిది. ఏలననగా కొండమీది శాలకు ఉదయపు చల్లదనము, మెట్ల రంగస్థలమునకు వాలిన ఎండ అవసరము. పిల్లలను తీసికొనిపోవువారు లోయ నమూనా దగ్గర వారిని కొంతసేపు నిలువనీయవలెను. విజయపురి ఎక్కడ ఉండెనో వారు అక్కడ వ్రేలితో చూపగలిగిన పిదపనే తక్కిన శాలలోనికి పోవుట మేలు.