డిక్రీ చేతిలో, ఆస్తి రిసీవరు చేతిలో

13వ శతాబ్దం చివర్లో మార్కో పోలో తమిళ తీరంలోని మాబార్‌లో ఒక వసూలు పద్ధతి చూశాడు. బాకీదారు వాయిదాల మీద వాయిదాలు వేస్తుంటే అప్పిచ్చినవాడు అతని చుట్టూ గిరి గీస్తాడు. సొమ్ము కట్టకుండా, హామీ ఇవ్వకుండా గిరి దాటితే మరణశిక్షే. ఒక పరదేశి వర్తకుడు సాక్షాత్తూ రాజు గుర్రం చుట్టూనే గిరి గీశాడనీ, బాకీ ముట్టేదాకా రాజు కదల్లేదనీ ఆయన రాశాడు.

బ్రిటిష్ కాలంలో గిరి పోయి కోర్టు డిక్రీ వచ్చింది. దైవకోపం పేరిట భయపెడుతూ గుమ్మం ముందు ధర్నా కూర్చోవడాన్ని 1860 శిక్షాస్మృతి నేరాల్లో చేర్చింది. అయితే డిక్రీ చేతికొచ్చాకే కక్షిదారు కష్టాలు మొదలవుతాయని 1872లో దర్భంగా రాజ్ కేసులో ప్రివీ కౌన్సిలే ఒప్పుకుంది.

డిక్రీదారు ఇ.పి. (డిక్రీ అమలు దరఖాస్తు) వేస్తే కోర్టు అమీనా జప్తుకు వచ్చేవాడు. వంటపాత్రలు, రైతు కాడెద్దులు, ఆచారం ప్రకారం స్త్రీ ఒంటిమీది నుంచి తియ్యని నగలు మాత్రం ముట్టకూడదు. 1908 సివిల్ ప్రొసీజర్ కోడ్ కింద 50 రూపాయలు దాటిన డిక్రీకి ఆరు నెలల దాకా సివిల్ జైల్లో ఉంచే వీలు మొదట్లో ఉండేది. ఖైదీ బత్తా అప్పిచ్చినవాడే కట్టాలి, మానేస్తే విడుదలే. అరెస్టయి వచ్చినవాడికి దివాలా దరఖాస్తు పెట్టుకోవచ్చని కోర్టే చెప్పాలని కూడా ఆ కోడ్ ఆదేశించింది.

ఆ దరఖాస్తే ఐ.పి. మద్రాసు నగరానికి 1828 నుంచే దివాలా చట్టం ఉంది. గుంటూరు, రాజమండ్రి వంటి ఊళ్లకు ప్రత్యేక చట్టం 1907లో వచ్చింది. దాని స్థానంలో 1920 చట్టం నిలిచింది. 500 రూపాయల బాకీ ఉంటే చాలు, అర్జీ పెట్టవచ్చు.

ఐ.పి. పెడితే డిక్రీలన్నీ చిత్తుకాగితాలేనని జనం నమ్మకం. చట్టంలో ఉన్నది వేరు. అర్జీ పెట్టినంత మాత్రాన ఇ.పి. దానంతటదే ఆగదు. అర్జీ అనుమతి పొందే తేదీకి ముందే వేలంలో వచ్చిన సొమ్ము డిక్రీదారుదే. ఆ తర్వాత వచ్చేదానిపై, దివాలా ఆస్తిని చూసేందుకు కోర్టు నియమించే రిసీవరుకే హక్కు. దావా ఖర్చులు, అమలు ఖర్చులు మాత్రం ముందుగా డిక్రీదారుకు దక్కుతాయి. మిగిలింది రుణదాతలందరికీ దామాషాలో పంచాలి. ముందు పరుగెత్తినవాడు అంతా ఎగరేసుకుపోకూడదన్నదే ఇందులోని న్యాయం. కోర్టు మొహం చూడలేని చిన్న అప్పులవాళ్లకు ఇదొక్కటే ఆసరా. తనఖా ఉన్నవాడికి ఈ బాధ లేదు. అతని హక్కు చెక్కుచెదరదు. ప్రోనోటు నమ్ముకున్నవాడే నష్టపోతాడు.

అసలు గాయం మరోచోట ఉంది: అర్జీకి ముందే పొలం బావమరిది పేరుకు మారడం. దివాలా ప్రకటనకు దారితీసిన అర్జీకి ముందు రెండేళ్లలో, సరైన ప్రతిఫలం లేకుండా జరిగిన బదిలీలను రద్దు చేయించే వీలు 1920 చట్టంలోని 53వ సెక్షన్ ఇచ్చింది. అడిగినా రిసీవరు కదలకపోతే, బాకీ రుజువు చేసుకున్న రుణదాతే కోర్టు అనుమతితో ఆ దరఖాస్తు పెట్టుకోవచ్చు.

ఇక జైలు సంగతికొస్తే, చెల్లించే శక్తీ, దురుద్దేశమూ లేనివాణ్ణి జైలుకు పంపడం తగదని 1980లో జాలీ జార్జ్ వర్గీస్ కేసులో జస్టిస్ కృష్ణయ్యర్ తీర్పు రాశారు. 2016 దివాలా కోడ్ కంపెనీల దివాలాకు కొత్త దారి వేసింది. వ్యక్తులకు సంబంధించిన భాగం 2019 డిసెంబరు 1న అమల్లోకి వచ్చినా, అది కంపెనీ అప్పులకు హామీ ఉన్నవారి వరకే. చీరల కొట్టు మూసేసిన వ్యాపారికీ, అతనికి చేబదులిచ్చిన పొరుగువాడికీ 1920 చట్టమే మిగిలింది.