మనది చెడిన తెలుగు కాదు

ఈసారి రాత కొంచెం పొడుగే. తెలుగు లిపి రాని వాళ్ళు మనలో చాలామంది ఉన్నారు. ఇంట్లో చదవగలిగిన వాళ్ళు మిగతా వాళ్ళకు చదివి వినిపించండి. వింటే అందరికీ అర్థమవుతుంది, అదే ఈ వ్యాసం సంగతి కూడా.

ఆంధ్రా వైపు పెళ్ళికి వెళ్ళి మనం నోరు తెరవగానే "మీరు తమిళవాళ్ళా?" అని అడుగుతారు. ఇక్కడ తళవాయిపురంలో బస్సెక్కి ఇంటి మాట మాట్లాడుకుంటే "నీంగ తెలుంగా?" అంటారు. పెద్దవాళ్ళం నవ్వి ఊరుకుంటాం. పిల్లలు మాత్రం అక్కడ నోరు విప్పడమే మానేస్తున్నారు. పైగా వాళ్ళ ముందు మనమే "మాది సరైన తెలుగు కాదులెండి, తమిళం కలిసి చెడిపోయింది" అని చెప్పుకుంటున్నాం. ఎవరూ అడగకుండానే!

ఈ మాట తప్పని మేము అంటున్నాం. అభిమానం కొద్దీ అనడం లేదు. భాషలను పోల్చి చూసే శాస్త్రం మన మద్రాసులోనే 200 ఏళ్ళ క్రితం ఈ విషయం తేల్చింది.

ఫ్రాన్సిస్ వైట్ ఎల్లిస్ అనే కంపెనీ అధికారి 1812లో మద్రాసులో ఫోర్ట్ సెయింట్ జార్జ్ కాలేజీ పెట్టించాడు. తెలుగులో సంస్కృత పదాలు ఇన్ని ఉన్నాయి కాబట్టి తెలుగు సంస్కృతం నుంచే పుట్టిందని అప్పటి దొరలు చాలామంది నమ్మేవారు. 1816లో క్యాంబెల్ రాసిన తెలుగు వ్యాకరణం అచ్చయినప్పుడు దానికి ఎల్లిస్ ఒక పీఠిక రాశాడు. తెలుగు, తమిళం, కన్నడం ఒకే కుటుంబమని, ఆ కుటుంబం సంస్కృతం నుంచి పుట్టలేదని అందులో రుజువు చేశాడు. మచిలీపట్నం పండితుడు మామిడి వెంకయ్య ఆంధ్రదీపికలో చెప్పిన మాటలను సాక్ష్యంగా తెచ్చాడు. తత్సమం, తద్భవం, దేశ్యం అని మన వ్యాకరణవేత్తలు ఎప్పుడో గీసిన గీతలే ఆయనకు ఆధారం. ఆ ఎల్లిస్ 1819లో చనిపోయింది మనకు దగ్గరలోని రామనాథపురంలో. తర్వాత 1856లో ద్రావిడ భాషల తులనాత్మక వ్యాకరణం అచ్చువేసిన కాల్డ్‌వెల్ పాదిరి కాపురం ఉన్నది కూడా దూరం కాదు, తిరునెల్వేలి జిల్లా ఇడైయంగుడిలో. పేరంతా కాల్డ్‌వెల్‌కే వచ్చింది. 40 ఏళ్ళు ముందున్న ఎల్లిస్‌ను, ఆయన పక్కన కూర్చున్న మన పండితులను లోకం చాలాకాలం మరిచిపోయింది. ఇది మాకు ఎప్పుడూ బాధగానే ఉంటుంది.

ఎల్లిస్ వాదంలో మనకు కావలసిన ముక్క ఒకటే. ఒక భాష ఎన్ని మాటలు అప్పు తెచ్చుకుందన్నది లెక్క కాదు. ధాతువులు, విభక్తులు, క్రియ నడిచే తీరు ఎవరివన్నదే లెక్క. "పళ్ళికూడానికి లీవు ఇచ్చినారు" అని మన ఇంటి పిల్ల అంటుంది. పళ్ళికూడం తమిళం, లీవు ఇంగ్లీషు. కానీ ఆ "ఆనికి", ఆ "ఇచ్చినారు" అచ్చ తెలుగు. సంస్కృతం నిండిన కావ్యం తెలుగైతే, తమిళం కలిసిన మన మాట ఎందుకు కాదు?

"ఇచ్చినారు" అన్నాం కదా, దాని సంగతీ చూడండి. మన అవ్వలు "వచ్చినాడు", "చేసినాను" అంటారు. కోస్తా వైపు "వచ్చాడు", "చేశాను" అని విని, మనది మోటు అనుకుంటాం. నిజానికి పాత రూపం "చేసినాను". అది కుదించుకుపోయి "చేశాను" అయింది. ఈ విషయంలో మారింది వాళ్ళు, నిలిచింది మనం. రాయలసీమలోనూ తెలంగాణలోనూ ఈ పాత తీరు ఉంది. విజయనగర, నాయక రాజుల కాలంలో దక్షిణానికి వచ్చిన వాళ్ళం కాబట్టి మన దగ్గర కొన్ని పాతవి మిగిలాయి, కొన్ని కొత్తవి పుట్టాయి. ఏ కొమ్మకైనా అంతే.

ఇక తమిళానికీ తెలుగుకీ ఉన్న చుట్టరికం మన నోట్లోనే ఉంది. వీధిలో "కోఴి" అంటాం, ఇంట్లో "కోడి". వీధిలో "ఏఴు", ఇంట్లో "ఏడు". వీధిలో "పఴం", ఇంట్లో "పండు". ఆ ఴకారం తమిళానిదే అనుకుంటాం గానీ పాత తెలుగులోనూ ఉండేది. కడప జిల్లాలో దొరికిన 6వ శతాబ్దపు రేనాటి చోళుల శాసనాల్లో ఆ అక్షరం కనిపిస్తుంది. తర్వాత తెలుగులో అది ఎక్కువగా డకారమైంది, చోఴుడు చోడుడయ్యాడు. తమిళంలో "ఉరల్", మనకు "రోలు". "ఇరండు", మనకు "రెండు". తెలుగులో మొదటి అచ్చు హల్లును దాటి వెనక్కి దూకింది. ఇలాంటి మార్పు ఒక్క మాటలో జరిగి ఆగదు, వరసగా ఎన్నో మాటల్లో ఒకే తీరున జరుగుతుంది. అందుకే దాన్ని పాడవడం అనరు.

మన ఊరి పేరూ అలాంటిదే. దళవాయి అంటే సేనాపతి. మదురై నాయకుల దగ్గర అది పెద్ద పదవి. తమిళ లిపిలో త, ద లకు ఒకటే అక్షరం కాబట్టి తళవాయి అయి కూర్చుంది.

అసలు భయపడవలసింది వేరే ఉంది. మాట మారడం కాదు, ఆగిపోవడం. 2011 జనాభా లెక్కల్లో తమిళనాట తెలుగు మాతృభాషగా చెప్పినవాళ్ళు సుమారు 42 లక్షలు. చెప్పిన వాళ్ళందరి ఇళ్ళల్లో పిల్లలు మాట్లాడుతున్నారా అన్నది మన వీధిలో చూస్తే తెలుస్తుంది. 2006 తమిళ అభ్యసన చట్టం వల్లే తెలుగు పోయిందని కొందరు సభ్యులు రాస్తుంటారు. మేము పూర్తిగా ఒప్పుకోం. బడిలో తెలుగు వదిలేయడం మన ఇళ్ళల్లో అంతకు చాలా ముందే మొదలైంది. మరో మాట, మనసులో పెట్టుకోకండి: "మన తెలుగు" అన్నప్పుడు మనం మన కులాన్నే తలుచుకుంటాం. తమిళనాట అరుంధతీయుల్లో చాలామంది ఇంటి భాష తెలుగే. వాళ్ళ అవ్వల దగ్గర ఉన్న మాటలు మన దగ్గర ఉండకపోవచ్చు.

ఈ మాటలను రాసిపెట్టిన వాళ్ళు తక్కువ. గ్రియర్సన్ భారీ భాషా సర్వే మద్రాసు రాజధానిని వదిలేసింది. భద్రిరాజు కృష్ణమూర్తి గారు 1962లో తెచ్చిన వ్యవసాయ మాండలిక వృత్తిపదకోశం గొప్ప పని, కానీ ఆ సేకరణ ఆంధ్రప్రదేశ్ జిల్లాలకే. మన పక్కన కోవిల్‌పట్టి దగ్గర ఇడైసేవల్‌లో పుట్టిన కి. రాజనారాయణన్ మనలాంటి తెలుగు ఇంటివాడే. తెలుగువాళ్ళ వలస కథను తమిళంలో రాసి, "గోపల్లపురత్తు మక్కళ్" నవలకు 1991లో సాహిత్య అకాడమీ బహుమతి పొందారు. కరిసల్ నేల మాటలకు నిఘంటువు కూడా కూర్చారు, అదీ తమిళంలోనే. గిడుగు రామమూర్తి గారు సవరల భాష నేర్చుకుని, లిపి లేని ఆ భాషకు వ్యాకరణం రాశారు. పరాయి భాషకు ఆయన అంత చేశారు.

కాబట్టి వచ్చే సంఘ సమావేశానికి ఒక్కొక్కరు ఒక్క పని చేసుకురండి. ఇంట్లో 70 దాటిన అవ్వనో తాతనో కూర్చోబెట్టి, వడ్లు దంచడం, పత్తి తీయడం, గొడ్లకు వచ్చే జబ్బులు, ఏదో ఒక పని గురించి పది నిమిషాలు మాట్లాడించి ఫోనులో రికార్డు చేయండి. మధ్యలో దిద్దవద్దు. తమిళం కలిస్తే కలవనీయండి. ఎవరు, ఏ ఊరు, ఎంత వయసు అన్నది మొదట్లోనే చెప్పించండి. తెలుగు రాయడం వచ్చిన ఇద్దరు ముగ్గురు ముందుకు వస్తే విని కాగితం మీద పెట్టే పని మేము మొదలుపెడతాం. లిపి రాని వాళ్ళు తమిళ అక్షరాల్లో రాసి పంపినా చాలు.