కలా, నిజమా? ఒక మూకీ చిత్రం నేర్పే చరిత్ర పాఠం

ఎనుమాముల మార్కెట్ యార్డులో మిర్చి కొనేవారు బస్తాలోంచి గుప్పెడు తీసి చూసి ధర చెప్పడం మీలో చాలామంది చూసే ఉంటారు. చరిత్రకారుడికి దొరికే ఆధారం కూడా ఆ గుప్పెడు లాంటిదే. దాన్నిబట్టి బస్తా అంతటినీ అంచనా వేయడంలో ఎంత జాగ్రత్త అవసరమో ఒక జపాన్ చిత్రం ఆధారంగా పరిశీలిద్దాం.

తైనొసుకే కినుగాస 1926లో 'కురుత్త ఇప్పేజి' (ఉన్మాదపు పుట) అనే మూకీ చిత్రం తీశాడు. దీని కథారచనలో పాలుపంచుకున్న యసునారి కవాబాతకు 1968లో నోబెల్ బహుమతి లభించింది. చిత్రానికి పెట్టుబడి చాలా తక్కువ. దీపాలు చాలక, ఉన్న వెలుతురు ప్రతిఫలించేలా సెట్టు గోడలకు వెండి రంగు పూశారు. నటులే సెట్టు పనులు కూడా చేశారు. ప్రధాన నటుడు మసావొ ఇనొవె పారితోషికం తీసుకోలేదు.

కథ ఇది: ఒకప్పటి నావికుడు మానసిక చికిత్సాలయంలో పనివాడుగా చేరతాడు. తన దుష్ప్రవర్తన వల్ల మతి చలించిన భార్య అక్కడే ఉంది. ఆమెను తప్పించాలని అతని ఆరాటం. జరిగినదేదో, అతడు ఊహించుకున్నదేదో తెర మీద విడదీసి చూపరు. చివర అతడు రోగులందరి ముఖాలకూ నవ్వు ముసుగులు తొడిగినట్లు కనిపిస్తుంది.

ఈ అస్పష్టత అంతా దర్శకుడి ఉద్దేశమేనా? ఇక్కడ మీరు రెండు విషయాలు గమనించాలి. మొదటిది, ఈ చిత్రంలో మాటల కార్డులు లేవు. ఆనాడు తెర పక్కన నిలబడి 'బెన్షి' అనే వ్యాఖ్యాత కథ చెప్పేవాడు. చేర్యాల పటం ముందు కథకుడు లేకపోతే బొమ్మలు మిగులుతాయి గాని కథ పూర్తిగా అందదు. ఇదీ అంతే. రెండవది, పోయిందనుకున్న ఈ చిత్రం 1971లో కినుగాస ఇంటి వద్దనే దొరికింది. కాని ఆ ప్రతి 1926లో ప్రదర్శించిన దానికంటే చిన్నది. కాబట్టి నేటి ప్రేక్షకుడి తికమకలో కొంత కళ, కొంత నష్టం.

తెలుగువారైన రఘుపతి వెంకయ్య, ఆయన కుమారుడు ప్రకాశ్ 1921లో నిర్మించిన 'భీష్మ ప్రతిజ్ఞ'కు ఆ గుప్పెడు కూడా మిగలలేదు. దాని ప్రతి లభ్యం కాదు. అందువల్ల ఆ చిత్రం ఎలా ఉండేదో వర్ణించే వాక్యం ఎదురైనప్పుడు, చెప్పినవారు దాన్ని చూశారా అని ముందుగా అడగండి.

మీ ప్రగతిని పరీక్షించుకోండి: దొరికిన ఆధారం అసంపూర్ణమైనప్పుడు చరిత్రకారుడు తీసుకోవలసిన జాగ్రత్తలేమిటి? మీ ఇంట్లోని ఒక పాత ఫోటోను ఉదాహరణగా తీసుకొని రాయండి.