ధూళికణమునకు ద్వంద్వస్థితి ఏల లేదు?

ఎలక్ట్రానులను ఒక్కొక్కటిగా విడిచినను, అవి రెండు సన్నని చీలికలను దాటి తెరపై చేరునప్పటికి తరంగములకు వలెనే పట్టెలు ఏర్పడును. దీనికి వ్యతికరణము అని పేరు. ఒక్కొక్క ఎలక్ట్రానునందును “ఈ చీలిక”, “ఆ చీలిక” అను రెండు స్థితులు కలిసియుండుటను అధ్యారోపణము అందురు. ఇంతవరకు బాగున్నది. కాని అమరాపురము వంటి మెట్టసీమలో వేసవిగాలికి లేచు ధూళిని చూడుడు. అందలి ప్రతి రేణువును ఎలక్ట్రానులతోను, కేంద్రకములతోను కూడినదే గదా! అది ఇంటి రెండు కిటికీలనుండియు ఒకేసారి లోనికి వచ్చినట్లు ఎవరును కనలేదు. భాగములకున్న గుణము మొత్తమునకు ఏల లేకపోయినది?

క్వాంటం సిద్ధాంతమును నిర్మించిన మొదటి తరమువారు ఈ ప్రశ్నను కొంత దాటవేసిరనియే చెప్పవలెను. కొలతలు చేయు పరికరమును పాత భౌతికశాస్త్రపు భాషలోనే వర్ణింపవలెనని నీల్స్ బోర్ నిర్ణయము. పరమాణువు గీతకు ఆవల, పరికరము ఈవల. ఆ గీతను ఎచ్చట గీయవలెనో సిద్ధాంతము చెప్పదు. ఈ ఇబ్బందిని ఎత్తిచూపుటకే 1935లో ష్రోడింగర్ తన పిల్లిని పెట్టెలో పెట్టెను. ఒక పరమాణువు విచ్ఛిన్నమైన యెడల విషము వెలువడును, లేనియెడల లేదు. పరమాణువు రెండు స్థితులలో నున్నచో పిల్లి కూడ చచ్చియు బ్రతికియు ఉండవలసివచ్చును. రెండు వస్తువుల స్థితులు ఒకదానితో నొకటి ముడిపడి, విడివిడిగా వర్ణింప వీలుకాకపోవుటకు ఆయన ఆ సంవత్సరముననే పేరు పెట్టెను. దానిని పెనవేత అనవచ్చును. ప్రశ్నకు తాళపుచెవి ఆ పెనవేతయందే యున్నదని గ్రహించుటకు మఱి 35 ఏండ్లు పట్టినది.

గ్రహించినవాడు జర్మనీలోని హైడల్‌బర్గ్ విశ్వవిద్యాలయమున కేంద్రక భౌతికశాస్త్రములో పనిచేయుచుండిన హాన్స్ డీటర్ జే. ఏ స్థూలవస్తువైనను ఏకాంతముగా నుండజాలదనుట ఆయన వాదమునకు ఆధారము. గాలి తగులును, వెలుతురు పడును, వేడి వెలువడును. అట్టిచో ఏకాంత వస్తువునకు వ్రాసిన సమీకరణమును పిల్లికి అన్వయించి ఆశ్చర్యపడుటలో అర్థమేమున్నది? ఈ భావమును అప్పటి పెద్దలు సహింపలేదు. హైడల్‌బర్గులోనే యున్న నోబెల్ బహుమతి గ్రహీత యెన్సెన్ ఆ వ్యాసమును కోపెన్‌హాగెన్‌లోని రోజెన్‌ఫెల్డునకు పంపగా, అచ్చటినుండి కఠినమైన అభిప్రాయము వచ్చెను. దానితో తన ఉద్యోగాభివృద్ధియే దెబ్బతినినదని జే తరువాతి కాలమున చెప్పుకొనెను. తుదకు విగ్నర్ ప్రోత్సాహముతో 1970లో “ఫౌండేషన్స్ ఆఫ్ ఫిజిక్స్” అను క్రొత్త పత్రిక మొదటి సంపుటములో అది వెలువడినది. అప్పటికిని చదివినవారు కొద్దిమందియే.

జే చెప్పినదేమో చూతము. మనకు “ఇంటిగుట్టు లంకకు చేటు” అను సామెత కలదు. అధ్యారోపణమునకు చేటు కూడ ఇట్టిదే. రేణువు ఇక్కడనో అక్కడనో ఉన్న రెండు స్థితులలో నున్నదనుకొందము. గాలిలోని అణువొకటి దానిని తాకి చెదరిపోవును. రేణువు ఇక్కడనున్న ఒక దిక్కునకు, అక్కడనున్న మరియొక దిక్కునకు పోవును. అనగా రేణువు గుట్టు అణువుతో బయటికి పోయినది. ఆ గుట్టును ఎవరైన చదువవలెనన్న నియమము లేదు, పోయిన చాలును. అంతటితో రెండు స్థితులకు నడుమనున్న సంబద్ధత రేణువునందు కనిపించదు. అది నశించినదని కాదు. రేణువు, గాలి రెండును చేరిన మొత్తమునందు పెనవేసికొని యున్నది. కోటానుకోట్ల అణువులను వెనుకకు రప్పించి ముడి విప్పగలవారెవరు? దీనికే డీకొహెరెన్స్ అని పేరు. తెలుగున సంబద్ధతాలోపము అనవచ్చును.

పరిసరములు వస్తువుయొక్క ఏ గుణమును “చదువుచున్నవో” ఆ గుణమే స్థిరముగా నిలుచునని 1981, 1982 సంవత్సరములలో వోయ్‌చెక్ జూరెక్ చూపెను. తాకిడులు స్థానమును బట్టి జరుగును గనుకనే వస్తువులకు నిశ్చితస్థానమున్నట్లు మనకు తోచును. 1985లో ఎరిక్ యోస్‌తో కలిసి జే లెక్కలు కట్టెను. సెంటీమీటరులో వెయ్యవవంతు గల ధూళికణమునకు గాలి అక్కరలేదు, ఎండ అక్కరలేదు. ఆకాశమంతట నిండియున్న అతిశీతల వికిరణము మాత్రమే తగిలినను, తన పరిమాణమంత ఎడముగల అధ్యారోపణము ఇంచుమించు ఒక సెకనులో చెడిపోవును. ఇక మన వీధిలోని గాలి మాట చెప్పనేల!

లెక్క వేరు, ప్రయోగము వేరు. 1996లో పారిస్‌నందు సెర్జ్ హరోష్ బృందము అతివాహక దర్పణముల నడుమ కొద్ది ఫోటానులను బంధించి, రుబీడియం పరమాణువుల సాయముతో వానిని “పిల్లి” స్థితిలోనికి తెచ్చి, సంబద్ధత క్రమక్రమముగా తరుగుటను కొలిచెను. రెండు స్థితుల నడుమ ఎడము హెచ్చినకొలది అది మరింత త్వరగా పోయినది. హరోష్‌నకు 2012లో నోబెల్ బహుమతిలో భాగము లభించినది. 2004లో వియెన్నాలో 70 కార్బన్ పరమాణువులుగల అణువులను కాచి పంపగా, అవి వెలువరించు వేడికిరణములే గుట్టు బయటపెట్టి వ్యతికరణమును చెరిపివేసినవి.

స్థూలప్రపంచమునకు దారి ఇదొక్కటే కాదు. రెండవ దారిని చూపిన పని మన హైదరాబాదులో జరిగినది. హైదరాబాదు విశ్వవిద్యాలయమున 1977 నుండి ఆచార్యుడుగా నుండిన గిరీశ్ శరణ్ అగర్వాల్, కె. తార అను సహపరిశోధకురాలితో కలిసి 1991లో ఒక వ్యాసము ప్రకటించెను. లేజరు వెలుగు క్వాంటం స్థితులలో పాత తరంగమునకు మిక్కిలి సన్నిహితమైనది. నిర్దిష్టసంఖ్యగల ఫోటానుల స్థితి అందుకు విరుద్ధము, శుద్ధ క్వాంటం స్థితి. లేజరు వెలుగునకు ఒకటో రెండో ఫోటానులను “చేర్చిన” ఏమగునని వారు అడిగిరి. ఆ రెంటికిని నడుమనుండు క్రొత్త స్థితులు లభించునని గణితముచే చూపిరి. ప్రయోగము వారు చేయలేదు. కాగితముపై వ్రాసిన స్థితి ప్రయోగశాలకు ఎక్కుటకు 13 ఏండ్లు పట్టినది.

2004లో ఇటలీలోని ఫ్లోరెన్స్ నగరమున జవట్టా, విచియాని, బెల్లినీ అనువారు ఒక స్ఫటికములోనికి బలహీనమైన లేజరు స్పందనములను పంపిరి. స్ఫటికము ఫోటానులను జంటలుగా పుట్టించును. జంటలో ఒకటి శోధకమునకు చిక్కినచో, రెండవది లేజరు వెలుగులో చేరినదని తెలియును. ఆ వెలుగునకు విగ్నర్ ఫలనము అను పటమును గీచిరి. అది సంభావ్యత వంటిదే కాని, సున్నకు దిగువకు కూడ పోగలదు. అట్లు పోవుటయే క్వాంటం లక్షణము. లేజరు లేనప్పుడు ఒక్క ఫోటానే యుండి పటములో పెద్ద గుంట కనిపించెను. లేజరు బలము హెచ్చించినకొలది ఆ గుంట పూడుచు, తుదకు మామూలు తరంగపు పటమే మిగిలెను. ఇచ్చట గుట్టు బయటపడుట ముఖ్యము కాదు; గుంపులో ఒక్కని గొంతు వినరానట్లు ఫోటానుల గుంపులో చేర్చిన ఒక్కటి మరుగుపడుటయే. ఈ రెండు దారులను ఒకటిగా బోధింపరాదు.

ఇంతమాత్రమున పిల్లికథ ముగిసినదనుకొనువారు తొందరపడుచున్నారు. వ్యతికరణము ఏల కనిపించదో డీకొహెరెన్స్ చెప్పును. మిగిలిన “చచ్చినది”, “బ్రతికినది” అను రెంటిలో ఒక్కటే మన కంటబడుట ఏలనో అది చెప్పదు. రెండును నిజమే, చూచువాడు కూడ రెండుగా చీలునని ఎవరెట్ 1957లో చెప్పిన మాటనే జే 2018లో మరణించువరకు సమర్థించెను. పెక్కుమంది శాస్త్రజ్ఞులు దానిని ఒప్పుకొనలేదు.