డెత్ మెటల్‌కు గోత్రం అడిగే విమర్శ

కర్ణాటకలోని నిడుగల్లు కొండ మీద నుంచి 12, 13 శతాబ్దాల్లో ఏలిన తెలుగు చోడులు తమది చోళరాజు కరికాలుడి వంశమనీ, తాము ఒరయూరు ప్రభువులమనీ శాసనాల్లో చెక్కించుకున్నారు. ఒరయూరు ఎక్కడో కావేరి ఒడ్డున ఉంది. వాళ్లు బతికిందేమో పావగడ బండల మధ్య, హొయసళులతో తలపడుతూ. ఆ కొండకు దక్షిణాన బెంగళూరులో, ఉత్తరాన హైదరాబాదులో పుట్టిన ఎక్స్‌ట్రీమ్ మెటల్ బ్యాండ్ల మీద వచ్చే సమీక్షలు చదువుతుంటే నాకు ఆ శాసనాలే గుర్తొస్తాయి. ఆల్బమ్ బయటికి రాగానే సమీక్షకుడు ముందు పాట సంగతి అడగడు, గోత్రం అడుగుతాడు.

ఆ గోత్రానికి మూలపురుషులు అమెరికాలో ఉన్నారు. 1986లో థ్రాష్ మెటల్ బ్యాండు స్లేయర్ ‘రెయిన్ ఇన్ బ్లడ్’ సిద్ధం చేస్తే, అట్టమీది బొమ్మనూ నాజీ వైద్యుడి మీద రాసిన పాటనూ చూసి కొలంబియా సంస్థ పంపిణీ చేయనంది. చివరికి గెఫెన్ చేతి మీదుగా బయటపడింది. నిడివి అరగంట కూడా లేదు. అప్పుడు గిట్టనిదైన ఆ రికార్డునే తర్వాతి విమర్శకులు నెత్తిన పెట్టుకున్నారు. మూడేళ్లకు, 1989లో, ఫ్లోరిడాలోని టాంపాలో మోరిసౌండ్ స్టూడియోలో రికార్డు చేసిన మోర్బిడ్ ఏంజెల్ ‘ఆల్టర్స్ ఆఫ్ మ్యాడ్‌నెస్’ వచ్చింది. డెత్ మెటల్‌కు కొలతలు అక్కడ స్థిరపడ్డాయి. గిటారు తీగలు మామూలు శ్రుతి కంటే దించి కడతారు. డ్రమ్ముల మీద బ్లాస్ట్ బీట్ అనే అతివేగపు దరువు మిషన్‌లా మోగుతుంది. గాయకుడు స్వరం పలకడు, గొంతు అడుగు నుంచి గుర్రుమంటాడు. వినని చెవికి ఇది వట్టి రొద. నాలుగుసార్లు వింటే రిఫ్‌లు, అంటే తిరిగి తిరిగి వచ్చే గిటారు వరసలు, విడివిడిగా తేలుతాయి. ఏది ఎప్పుడు తిరిగొస్తుందో, లయ ఎక్కడ విరుగుతుందో తెలుస్తుంది. మొదటిసారే పట్టుబడేలా రాసిన సంగీతం కాదిది.

బెంగళూరుకు ఈ సంగీతం క్యాసెట్ల మీద చేరింది. డైయింగ్ ఎంబ్రేస్ అనే బ్యాండు 1991లోనే అక్కడ మొదలైంది, నిదానంగా సాగే డూమ్ మెటల్‌నీ డెత్ మెటల్‌నీ కలిపి వాయిస్తూ. ఆ రోజుల్లో విమర్శ అంటే క్యాసెట్ ఇచ్చిపుచ్చుకున్న మిత్రుడి ఉత్తరం, లేదా జిరాక్స్ తీసిన నాలుగు పేజీల అభిమానుల పత్రిక. 1993లో అలహాబాదు నుంచి ‘రాక్ స్ట్రీట్ జర్నల్’ వచ్చాక దేశవాళీ బ్యాండ్లకు ఒక అచ్చుపేజీ దొరికింది. తర్వాత కచేరీల కాలం. 2007 మార్చి 17న బెంగళూరు ప్యాలెస్ గ్రౌండ్స్‌లో ఐరన్ మెయిడెన్, 2011 అక్టోబరు 30న మెటాలికా వాయించాయి. 1998లో బెంగళూరులో పుట్టిన క్రిప్టోస్ 2013లో జర్మనీలోని వాకెన్ ఉత్సవంలో వాయించింది; అక్కడ వాయించిన తొలి భారతీయ బ్యాండు అని పత్రికలు రాశాయి. ‘తొలి’ అన్న మాట పత్రికలకు ఎంత ఇష్టమో చెప్పనక్కర్లేదు. వాకెన్‌లో వాయించిన పాటలు ఎలాంటివన్నది మాత్రం ఆ వార్తల్లో వెనక్కిపోయింది.

గోత్రం ప్రశ్న రెండో రూపం ముంబయిలో కనిపిస్తుంది. సాహిల్ మఖీజా 2000లో మొదలుపెట్టిన డెమోనిక్ రిసరెక్షన్‌కు 2010లో బ్రిటన్ పత్రిక ‘మెటల్ హ్యామర్’ గ్లోబల్ మెటల్ పురస్కారం ఇచ్చింది. మంచిదే. కాని ఆ ‘గ్లోబల్’ అన్న పేరులోనే పక్కకు వేసిన పీట ఉంది: బయటివాళ్లలో మీరు మేలు అన్నట్టు. 2017లో వాళ్లే ‘దశావతార్’ తెచ్చారు. పది పాటలు, మత్స్యం నుంచి కల్కి వరకు అవతారానికొకటి. తొమ్మిదో చోట బుద్ధుడు. అంతవరకు ‘పాశ్చాత్యుల్లా వాయించగలరా’ అన్న ప్రశ్న ఇప్పుడు ‘భారతీయత ఎంత ఉంది’గా మారింది. నా మట్టుకు ఈ ఆల్బమ్‌లో చిక్కు వేరు. అవతారాల వరస మనకు చిన్నప్పటి నుంచి కంఠస్థం. ఆల్బమ్ నడక సంగీతం తేల్చకముందే ఆ వరస తేల్చేసింది. పరాయి శ్రోతకు విడ్డూరంగా తోచిన చట్రం తెలుగు శ్రోతకు ముందే తెలిసిన దారి.

అందుకే హైదరాబాదు బ్యాండు గాడ్‌లెస్ నాకు ముఖ్యం. పేరుకు తగ్గట్టే అవతారాల జోలికి పోలేదు. 2015లో మొదలైంది. 2016లో ‘సెంచరీస్ ఆఫ్ డెకడెన్స్’, 2018లో ‘స్వార్మ్’ అని రెండు చిన్న రికార్డులు చేసింది. మొదటిది ముంబయికి చెందిన ట్రాన్సెండింగ్ అబ్‌స్క్యూరిటీ లేబుల్ ద్వారా వచ్చింది. కౌశల్ గొంతు, రవి నిడమర్తి గిటారు ఉన్న ఈ బ్యాండు తొలి పూర్తి నిడివి ఆల్బమ్ ‘స్టేట్స్ ఆఫ్ కేయాస్’ 2021లో, కొవిడ్ రెండో ఉప్పెన దాటిన ఏడాదిలోనే వచ్చింది. మామూలుగా ఈ సంగీతానికి తీర్పు వేదిక ముందు, ఒకరినొకరు తోసుకునే గుంపులో వెలువడుతుంది. ఆ ఏడాది గుంపులకే వీలు తక్కువ. హెడ్‌ఫోన్లు పెట్టుకుని వినాల్సి వచ్చింది, అదీ ఒక మేలే. థ్రాష్ వేగం, డెత్ మెటల్ బరువు ఒకే పాటలో ఎలా సర్దుకున్నాయో అలా వింటేనే తెలుస్తుంది. సితారు లేదు, శ్లోకం లేదు. ఫ్లోరిడా వాసన ఉంది, దాన్ని దాచే ప్రయత్నమూ లేదు. భారతీయత కోసం వెతికేవాడికి ఇందులో దొరికేది తక్కువ. పాటల కూర్పు కోసం వెతికేవాడికి పని ఉంది. మన దగ్గర తయారైన డెత్ మెటల్ ఆల్బమ్‌లలో దీన్ని ముందు వరసలో పెడతాను.

ఈ బ్యాండ్ల మీద రాసిందంతా దాదాపు ఇంగ్లిషులోనే ఉంది. హైదరాబాదులో పుట్టిన ఆల్బమ్ మీద కూడా తెలుగులో విశ్లేషణ అరుదు. ప్రతి శుక్రవారం సినిమాలకు నక్షత్రాలు వేసే మన పత్రికల సంపాదకులు నెలకొక్క కాలమ్ ఈ సంగీతానికి ఇవ్వాలి. తిట్టినా సరే, గోత్రం అడక్కుండా, పాట విని తిట్టండి.